జపాన్ సంప్రదాయ యుద్ధకళలు: ‘జుత్సు’ నుంచి ‘డో’ వరకు – చరిత్ర, బోధన, తాత్త్వికత

వ్యాససంగ్రహం

జపాన్ యుద్ధకళలు అనాదిగా మార్పు లేకుండా వస్తున్న ఆధ్యాత్మిక సాధనలన్న అభిప్రాయం లోకంలో బలంగా ఉంది. చరిత్ర ఈ అభిప్రాయాన్ని పూర్తిగా సమర్థించదు. 17వ శతాబ్ది ఆరంభంలో అంతర్యుద్ధాలు ముగిసినప్పుడు, 19వ శతాబ్ది ఉత్తరార్ధంలో సమురాయ్ వర్గం రద్దయినప్పుడు, 1945లో జపాన్ యుద్ధంలో ఓడినప్పుడు – మూడు పర్యాయాలు ఈ విద్యలు తమ ప్రయోజనాన్ని కోల్పోయాయి. ప్రతిసారీ కొత్త ప్రయోజనాన్ని నిర్వచించుకొని నిలబడ్డాయి. ఈ మార్పుల క్రమాన్ని, వాటి మధ్య విద్యను కాపాడిన బోధన పద్ధతిని, వాటికి ఆధారమైన తాత్త్విక భావనలను వివరించడం ఈ వ్యాసం ఉద్దేశం.

కీలకపదాలు: బుజుత్సు, బుడో, ర్యూ, కాటా, సమురాయ్, జూడో, కెండో, కరాటే, శూన్యత.

1. ఉపోద్ఘాతం

యుద్ధవిద్యకు ప్రాథమిక ప్రయోజనం శత్రువును జయించడం. యుద్ధమే లేని కాలంలో ఆ విద్య ఏమవుతుంది? చాలాచోట్ల అది మరుగున పడుతుంది, లేదా వేడుకలలో ప్రదర్శనగా మిగులుతుంది. జపాన్‌లో విల్లు, కత్తి, ఈటె, నిరాయుధ పోరాటం వంటి విద్యలు యుద్ధరంగం నుంచి తప్పుకొన్న తరువాత కూడా గురుశిష్య పరంపరలో శతాబ్దాలపాటు నిలిచాయి. వాటి నుంచి రూపొందిన జూడో, కెండో, ఐకిడో, ఒకినావా దీవుల నుంచి వచ్చి వాటి సరసన చేరిన కరాటే నేడు ప్రపంచమంతటా సాధనలో ఉన్నాయి.

ఈ మనుగడకు కారణంగా సాధారణంగా రెండు మాటలు వినిపిస్తాయి. ఒకటి సమురాయ్‌ల వీరధర్మం, రెండవది జెన్ బౌద్ధం. ఈ రెండింటి పాత్రనూ కాదనలేం. అయితే అవి మాత్రమే కారణాలైతే సమురాయ్ వర్గం అంతరించినప్పుడే ఈ విద్యలూ అంతరించవలసింది. అలా జరగకపోవడానికి కారణాన్ని వాటి బోధన వ్యవస్థలోనూ, కాలానుగుణంగా వాటి లక్ష్యాన్ని తిరిగి నిర్వచించిన ఆచార్యుల కృషిలోనూ వెతకాలి.

2. పరిభాష

‘బు’ అంటే యుద్ధ సంబంధమైనది. ‘జుత్సు’ అంటే ప్రయోగ నైపుణ్యం. ‘డో’ అంటే దారి, మార్గం. కత్తి ప్రయోగం కెన్‌జుత్సు, నిరాయుధ పోరాటం జుజుత్సు, విలువిద్య క్యూజుత్సు అయ్యాయి. ఇవన్నీ కలిసి బుజుత్సు. ఇవే విద్యలను వ్యక్తిత్వ సాధనకు మార్గాలుగా భావించినప్పుడు కెండో, జూడో, క్యూడో అన్నారు. ఇవన్నీ కలిసి బుడో.

జుత్సు అంటే చంపే విద్య, డో అంటే మనసును మలిచే విద్య అన్న విభజన బోధనకు సులభమే కాని చరిత్రకు పూర్తిగా సరిపోదు. ‘మార్గం’ అన్న భావన పాత గ్రంథాలలోనూ కనిపిస్తుంది. ఆయా విద్యల పేర్లలో ‘డో’ను క్రమబద్ధంగా స్థిరపరచడం మాత్రం 20వ శతాబ్ది పరిణామం. 1895లో క్యోటోలో ఏర్పడిన ‘దాయ్ నిప్పోన్ బుతోకుకాయ్’ అనే సంస్థ 1919లో బుజుత్సు స్థానంలో బుడో అన్న పదాన్ని స్వీకరించింది. అందువల్ల ఒక పదం ప్రాచీనంగా ధ్వనించినంత మాత్రాన ఆ పేరుతో ఉన్న వ్యవస్థ కూడా ప్రాచీనమని భావించరాదు.

3. ‘ర్యూ’ వ్యవస్థ ఆవిర్భావం

ఒక మూలపురుషుడి నుంచి తరతరాలుగా ప్రవహించే విద్యా సంప్రదాయాన్ని ‘ర్యూ’ అంటారు. ప్రవాహం అన్నదే ఈ పదానికి మూలార్థం. ఖడ్గవిద్యలో నెన్ ర్యూ, షింటో ర్యూ, కాగే ర్యూ అనే మూడు ధారలను మూలసంప్రదాయాలుగా చెబుతారు. 15వ శతాబ్దిలో ఈజాసా ఇయెనావో స్థాపించిన తెన్‌షిన్ షోడెన్ కతోరి షింటో ర్యూ వీటిలో ముఖ్యమైనది. నేటి చిబా ప్రాంతంలోని కతోరి దేవాలయంతో ఈ సంప్రదాయానికి సంబంధం ఉంది. చిబా ప్రభుత్వం 1960లో దీనిని అమూర్త సాంస్కృతిక సంపదగా గుర్తించింది.

ఇయెనావోను గురించి ఈ సంప్రదాయంలో ఒక కథ ఉంది. తనతో తలపడడానికి ఎవరైనా వస్తే ఆయన సన్నని వెదురు గడ్డి మీద, అది వంగకుండా కూర్చొని, వచ్చినవారిని కూడా పక్కన కూర్చోమనేవాడట. అది తమవల్ల కాదని గ్రహించి వారు వెనుదిరిగేవారట. యుద్ధనీతిని సూచించే ‘హెయిహో’ అన్న పదాన్ని మరో లిపిచిహ్నంతో రాస్తే శాంతినీతి అన్న అర్థం వస్తుంది. ఉచ్చారణ మారదు. యుద్ధనీతే శాంతినీతి అన్న ఈ శ్లేష ఆ సంప్రదాయంలో మూలసూత్రంగా నిలిచింది. వెదురు గడ్డి కథను చరిత్రగా స్వీకరించలేం. పోరాడకుండా గెలవడమే ఉత్తమ విజయమన్న విలువను ఒక యుద్ధవిద్యా పరంపర తన మూలపురుషుడికి ఆపాదించుకున్నదన్న విషయం మాత్రం గమనించదగినది.

1467 నుంచి దాదాపు శతాబ్దంన్నరపాటు జపాన్ అంతర్యుద్ధాలతో అట్టుడికింది. 1543లో పోర్చుగీసువారి ద్వారా తానెగాషిమా ద్వీపానికి తుపాకులు వచ్చాయి. ఆ తరువాతి యుద్ధాలలో విల్లు, ఈటె, తుపాకులదే ప్రధాన పాత్ర. కత్తి యుద్ధరంగంలో ప్రధానాయుధం కాకుండా పోతున్న ఈ దశలోనే ఖడ్గ సంప్రదాయాలు విస్తరించడం విశేషం. కామీజుమి నోబుత్సునా షింకాగే ర్యూను స్థాపించింది ఈ కాలంలోనే. చీల్చిన వెదురుబద్దలకు తోలు సంచి తొడిగి చేసిన సాధన ఖడ్గాన్ని ప్రవేశపెట్టిన ఖ్యాతి ఆయనకు దక్కింది. ప్రత్యర్థిని గాయపరచకుండా నిజమైన వేగంతో సాధన చేసే అవకాశం దీనివల్ల కలిగింది. సహసాధకుడి క్షేమం కూడా విద్యలో భాగం కావడానికి ఈ చిన్న పరికరం దోహదం చేసింది.

4. బోధన పద్ధతి

4.1 కాటా

సంప్రదాయ బోధనకు ప్రాణం ‘కాటా’. నిర్ణీత క్రమంలో సాగే కదలికల సమాహారం ఇది. ఖడ్గవిద్యలో చాలావరకు ఇద్దరు కలిసి చేసే అభ్యాసం. మొదట దాడి చేసే పాత్ర ‘ఉచిదాచి’, దానికి స్పందించి చివరకు గెలిచే పాత్ర ‘షిదాచి’. అనేక సంప్రదాయాలలో ఉచిదాచి పాత్రను గురువు లేదా సీనియర్ సాధకుడు పోషిస్తాడు. అంటే ప్రతి కాటాలోనూ ఓడిపోయేది గురువే.

ఈ అమరికలో లోతైన బోధనశాస్త్ర దృష్టి ఉంది. శిష్యుడి స్థాయిని బట్టి దాడి వేగాన్ని, తీవ్రతను, దూరాన్ని నిర్ణయించేది గురువు. శిష్యుడు సిద్ధంగా లేకపోతే తగ్గిస్తాడు, పరిణతి పెరిగే కొద్దీ ఒత్తిడి పెంచుతాడు. ఓడే పాత్రకే ఎక్కువ నైపుణ్యం కావాలి. ఆ పాత్రను శిష్యుడికి అప్పగించి గురువు గెలుపును తనకు ఉంచుకొంటే కాటా ప్రదర్శనగా మిగిలిపోతుంది. విద్య మాత్రం తరువాతి తరానికి అందదు.

4.2 షు – హ – రి

సాధనలో మూడు దశలను ‘షు – హ – రి’ అన్న మాటలతో చెబుతారు. మొదటిది రూపాన్ని తు.చ. తప్పకుండా పాటించడం. రెండవది దానిని భేదించి, ఇతర పద్ధతులతో పోల్చి, సొంతంగా పరీక్షించడం. మూడవది రూపాన్ని వీడి స్వేచ్ఛగా ప్రవర్తించడం. తేనీటి కళలోనూ ఈ దశల విభజన ప్రసిద్ధం. మొదటి దశ పూర్తి కాకుండా మూడవ దశకు దారి లేదన్నది ఇందులోని నియమం. మూడవ దశకు చేరడమే లక్ష్యమన్నది అంతే ముఖ్యం. అనుకరణను మాత్రమే సంప్రదాయంగా భావించేవారు ఈ రెండవ అంశాన్ని విస్మరిస్తుంటారు.

4.3 ప్రమాణాలు, అనుమతిపత్రాలు

అనేక సంప్రదాయాలలో శిష్యుడు ప్రవేశ సమయంలో ప్రమాణపత్రం సమర్పించేవాడు. విద్యను అనర్హులకు చెప్పననీ, అనుమతి లేకుండా బయటివారితో పోటీపడననీ మాట ఇచ్చేవాడు. కొన్నిచోట్ల దానిపై రక్తంతో ముద్ర వేసేవారు. విద్య పూర్తయ్యే దశలలో చుట్టలుగా చుట్టిన రాతప్రతులు ఇచ్చేవారు. వాటిలో చాలాచోట్ల కాటాల పేర్లు, సూచనప్రాయమైన వాక్యాలు తప్ప వివరణ ఉండదు. అసలు విషయం ముఖతః చెప్పే ‘కుడెన్’ ద్వారానే అందేది. సమస్త విద్య అందుకున్నవారికి లభించేది ‘మెన్‌క్యో కాయ్‌డెన్’ అనే అనుమతిపత్రం. రాతప్రతి చేతికి చిక్కినా గురుముఖం లేనిదే విద్య దక్కని ఏర్పాటు ఇది. ఒక పరంపరలో వారసుడు లేకపోతే ఆ విద్య నశించిపోవడానికి కారణం కూడా ఇదే.

5. మొదటి పరీక్ష: శాంతికాలంలో ఖడ్గం

1600లో సెకిగహారా యుద్ధం, 1615లో ఒసాకా కోట పతనం తరువాత తోకుగావా పాలనలో రెండు శతాబ్దాలకు పైగా దీర్ఘశాంతి నెలకొంది. సమురాయ్‌లు క్రమంగా పాలనా ఉద్యోగులయ్యారు. నడుమున రెండు కత్తులు ఉన్నాయి, వాటిని దూయవలసిన యుద్ధం లేదు. ఖడ్గవిద్యకు కొత్త అర్థాన్ని చెప్పే గ్రంథాలు ఈ దశలోనే వెలువడ్డాయి.

తోకుగావా షోగున్‌లకు ఖడ్గ గురువైన యాగ్యూ మునెనోరి (1571–1646) 1632లో ‘హెయిహో కాడెన్షో’ను పూర్తిచేశాడు. ప్రాణం తీసే ఖడ్గం, ప్రాణమిచ్చే ఖడ్గం అన్న జంట భావనలకు ఆయన పాలనానీతిని జోడించాడు. ఒక దుర్మార్గుడిని నిర్మూలించి అనేకులను బతికించడం ఖడ్గధర్మమన్నది ఆయన వివరణ సారాంశం. పాలకుడి పక్కన నిలిచి చెప్పిన మాట కనుక ఇందులో తాత్త్వికతతోపాటు రాజకీయమూ ఉంది.

మునెనోరికి జెన్ సన్యాసి తకువాన్ సోహో (1573–1645) రాసిన ‘ఫుదోచి షిన్‌మ్యోరోకు’ మనసు స్థితిని వివరిస్తుంది. ఎదుటివాడి కత్తి మీద మనసు నిలిస్తే ఆ కత్తికే, తన కత్తి మీద నిలిస్తే తన కత్తికే మనిషి బందీ అవుతాడు. దీనికి తకువాన్ వేయి చేతుల కన్నోన్‌ను, అంటే అవలోకితేశ్వరుడిని ఉదాహరణగా చూపాడు. మనసు ఒక్క చేతి దగ్గర ఆగితే మిగిలిన 999 చేతులు నిష్ప్రయోజనమవుతాయి. ఎక్కడా ఆగదు కనుకనే అన్ని చేతులూ పనిచేస్తాయి. ‘చలించని మనసు’ అంటే రాయిలా బిగుసుకొనేది కాదు, దేనికీ అంటుకోకుండా అన్నివైపులకూ కదలగలిగేదని ఆయన భావం.

మియమోతో ముసాషి మార్గం భిన్నమైనది. 13వ ఏట నుంచి 29వ ఏట వరకు 60కి పైగా ద్వంద్వయుద్ధాలు చేసి ఒక్కసారీ ఓడలేదని ఆయనే చెప్పుకొన్నాడు. జీవిత చరమదశలో, 1643–45 మధ్య, కుమామోతో సమీపంలోని రెయిగాన్‌డో గుహతో ముడిపడిన ‘గోరిన్ నో షో’ను రచించాడు. భూమి, జలం, అగ్ని, వాయువు, శూన్యం అన్నవి అందులోని ఐదు భాగాలు. బౌద్ధ, కన్ఫ్యూషియన్ పదాలను అరువు తెచ్చుకోనని ఆరంభంలోనే ప్రకటించాడు. సేనానిని వడ్రంగి మేస్త్రీతో పోల్చి, కలప గుణాన్ని బట్టి వాడినట్లే మనుషుల సామర్థ్యాన్ని బట్టి పని అప్పగించాలని వివరించాడు. ఆయన దృష్టి సాధన, పరిశీలన, గెలుపుల మీదే నిలిచింది. ఒకే కాలంలో జీవించిన ఈ ముగ్గురి ఆలోచనలలోని తేడా, జపాన్ యుద్ధకళలకు ఒకే తత్త్వం ఉందన్న ధోరణిని ప్రశ్నార్థకం చేస్తుంది.

18వ శతాబ్దిలో ముఖకవచం, చేతితొడుగులు, వెదురు కత్తితో స్వేచ్ఛాపోరాట సాధన ప్రాచుర్యం పొందింది. కాటాకే పరిమితమైతే విద్య నిర్జీవమవుతుందని ఒక వర్గం, వెదురు కత్తి ఆటతో నిజమైన ఖడ్గజ్ఞానం నశిస్తుందని మరో వర్గం వాదించాయి. నేటి కెండో రూపానికి బీజం ఈ వివాదంలోనే ఉంది.

6. రెండవ పరీక్ష: మెయిజీ కాలం

1868లో తోకుగావా పాలన అంతరించింది. 1873లో నిర్బంధ సైనికసేవ వచ్చింది. 1876లో సైన్యం, పోలీసులు వంటివారికి తప్ప ఇతరులకు బహిరంగంగా కత్తి ధరించడం నిషిద్ధమైంది. సమురాయ్‌ల భృతి రద్దయింది. జీవనాధారం కోల్పోయిన ఖడ్గవీరుల కోసం సాకాకిబారా కెన్‌కిచి 1873లో టోక్యోలో టికెట్టు పెట్టి కత్తి పోటీల ప్రదర్శనలు నిర్వహించాడు. ఒక మహావిద్య పొట్టకూటి కోసం జనం ముందు నిలబడవలసి వచ్చిన కాలమది. 1877 సత్సుమా తిరుగుబాటులో కత్తులతో పోరాడిన పోలీసు దళం తన ఉపయోగాన్ని నిరూపించుకొన్న తరువాత, పోలీసు శాఖ ఖడ్గవిద్యను ఆదరించింది.

ఈ నేపథ్యంలో కానో జిగోరో (1860–1938) కృషిని అర్థం చేసుకోవాలి. ఆయన తెన్‌జిన్ షిన్‌యో ర్యూ, కితో ర్యూ అనే జుజుత్సు సంప్రదాయాలను అభ్యసించాడు. 1882లో టోక్యోలోని ఎయిషోజీ ఆలయంలో కోడోకాన్ స్థాపించాడు. పరస్పరం గాయపడకుండా పూర్తిశక్తితో తలపడడానికి వీలైన మెళకువలను స్వేచ్ఛాసాధనకు ఎంచుకొన్నాడు. ప్రమాదకరమైన ప్రహారాలను కాటాలలో భద్రపరిచాడు. శక్తిని ఉత్తమంగా వినియోగించడం, తానూ ఇతరులూ కలిసి వర్ధిల్లడం అన్న రెండు సూత్రాలను జూడో లక్ష్యాలుగా నిర్దేశించాడు. రహస్య ప్రతుల స్థానంలో బహిరంగమైన ‘డాన్’ శ్రేణులను ప్రవేశపెట్టాడు. ఆయన వృత్తిరీత్యా విద్యావేత్త. కనుకనే కులవిద్యను విద్యాలయ విద్యగా మార్చగలిగాడు. 1911లో కెన్‌జుత్సు, జుజుత్సులకు మాధ్యమిక పాఠశాలల్లో స్థానం లభించింది. 1912లో వివిధ సంప్రదాయాల ఆచార్యులు కలిసి పది ఉమ్మడి ఖడ్గ కాటాలను రూపొందించారు.

6.1 కరాటే – శూన్యత

కరాటే ఒకినావాలో రూపుదిద్దుకొన్న విద్య. ఫునాకోషి గిచిన్ (1868–1957) 1922లో టోక్యోలో దీనిని ప్రదర్శించాడు. అప్పట్లో ఈ పదాన్ని చైనాను సూచించే లిపిచిహ్నంతో ‘చైనా చేయి’ అన్న అర్థంలో రాసేవారు. అదే ఉచ్చారణ గల మరో చిహ్నంతో ‘ఖాళీ చేయి’గా రాయడం క్రమంగా స్థిరపడింది. 1936లో నాహాలో సమావేశమైన ఒకినావా ఆచార్యులు దీనిని ఆమోదించారు. చైనాతో వైరం పెరుగుతున్న కాలంలో జరిగిన ఈ మార్పుకు రాజకీయ నేపథ్యమూ ఉంది.

ఫునాకోషి ఆయుధం లేని చేయి అన్న అర్థంతోపాటు, బౌద్ధ ప్రజ్ఞాపారమితా హృదయసూత్రంలోని రూప–శూన్యతల అభేదాన్ని కూడా ఈ చిహ్నానికి ఆధారంగా చూపాడు. 5వ శతాబ్ది ఆరంభంలో కుమారజీవుడు ఆచార్య నాగార్జునుడి ‘మూలమధ్యమక కారిక’ను చైనా భాషలోకి అనువదించినప్పుడు ‘శూన్య’ పదానికి వాడినది ఈ చిహ్నాన్నే. తెలుగునేలలోని శ్రీపర్వతంతో సంప్రదాయం ముడిపెట్టే నాగార్జునుడిని జపాన్ బౌద్ధులు ఎనిమిది శాఖలకు మూలాచార్యుడిగా గౌరవిస్తారు. కరాటే మెళకువలు భారతదేశం నుంచి వచ్చాయనడానికి ఇది ఆధారం కాదు. బోధిధర్ముడి నుంచి ఈ విద్యలు పుట్టాయన్న కథ కూడా ఐతిహ్యమే. ప్రయాణించినది ఒక భావన మాత్రమే. ఈ తేడాను పాటించడం తులనాత్మక పరిశోధనకు అవసరం.

7. మూడవ పరీక్ష: యుద్ధం, ఓటమి, పునరుద్ధరణ

ఆత్మనిగ్రహం, విధేయత, మరణభయాన్ని జయించడం అన్న విలువలను 1930ల తరువాత సైనిక రాజ్యం తన అవసరాలకు వాడుకొంది. బుతోకుకాయ్ 1942లో ప్రభుత్వ సంస్థగా మారింది. అహాన్ని వీడమన్న బోధ ఆజ్ఞను ప్రశ్నించవద్దన్న బోధగా మారడానికి ఎంతోకాలం పట్టలేదు. ‘మార్గం’ అన్న పదం దానికదే నైతికతకు హామీ కాదని ఈ దశ నిరూపించింది.

1945 ఓటమి తరువాత పాఠశాలల్లో బుడో నిషిద్ధమైంది. 1946లో బుతోకుకాయ్ రద్దయింది. జూడో 1950లో పాఠశాలలకు తిరిగివచ్చింది. 1952లో అఖిల జపాన్ కెండో సమాఖ్య ఏర్పడింది. ఈసారి బుడో ప్రజాస్వామిక క్రీడగా తనను పరిచయం చేసుకొంది. 1964 టోక్యో ఒలింపిక్స్‌లో జూడోకు స్థానం దక్కింది. ఆ పోటీల బహిరంగ విభాగంలో నెదర్లాండ్స్‌కు చెందిన ఆంటన్ గీసింక్ జపాన్ క్రీడాకారుడు కామినాగా అకియోను ఓడించాడు. ఆనందంతో లోపలికి దూసుకువస్తున్న తనవారిని గీసింక్ చేయెత్తి వారించాడు. స్వర్ణం జపాన్ చేజారింది, కాని జూడో మర్యాద దేశ సరిహద్దులు దాటిందని ఆ సంజ్ఞ చాటింది.

క్రీడగా మారితే గెలుపే సర్వస్వమవుతుందన్న ఆందోళన కూడా మొదలైంది. ఖడ్గసూత్రాల సాధన ద్వారా వ్యక్తిత్వాన్ని తీర్చిదిద్దడమే కెండో అని సమాఖ్య 1975లో నిర్వచించింది. దెబ్బ తగిలిన తరువాత కూడా అప్రమత్తతను వీడని స్థితిని ‘జాన్‌షిన్’ అంటారు. పాయింటు సాధించి సంబరాలు చేసుకొంటే కెండోలో ఆ పాయింటును రద్దుచేసే వీలుంది. 2012 నుంచి మాధ్యమిక పాఠశాలల్లో బుడో తప్పనిసరి అయింది. అదే సమయంలో జూడో శిక్షణలో విద్యార్థుల మరణాలు, గాయాలు తీవ్ర చర్చకు వచ్చాయి. పరస్పర క్షేమాన్ని సూత్రంగా ప్రకటించిన విద్యకు ఇంతకన్నా కఠినమైన పరీక్ష లేదు.

8. జెన్ సంబంధం: పునఃపరిశీలన

యుద్ధకళలన్నీ జెన్ వ్యక్తీకరణలే అన్న అభిప్రాయం బలపడడానికి ప్రపంచ పాఠకులను ఉద్దేశించిన రచనలు ముఖ్య కారణం. నితోబే ఇనాజో 1900లో ఆంగ్లంలో ప్రచురించిన బుషిడో గ్రంథం విదేశీ పాఠకుల కోసం రాసినది. జర్మన్ తత్త్వశాస్త్ర అధ్యాపకుడు ఒయిగెన్ హెరిగెల్ సెండాయ్‌లో ఆవా కెన్‌జో వద్ద విలువిద్య అభ్యసించాడు. తన అనుభవాలతో 1948లో వెలువరించిన గ్రంథంలో విలువిద్యను జెన్ సాధనగా చిత్రించాడు. యమదా షోజి 2001లో ప్రచురించిన అధ్యయనం ఈ చిత్రణను ప్రశ్నించింది. ఆవా జెన్ సాధకుడు కాడనీ, గురుశిష్యుల మధ్య భాషా వ్యవధానం వల్ల అపార్థాలు చోటుచేసుకొన్నాయనీ ఆయన చూపాడు.

తకువాన్ రచన జెన్ ప్రభావానికి నిదర్శనం. కతోరి సంప్రదాయంలో షింటో దేవతారాధన, గూఢబౌద్ధ అంశాలు ఉన్నాయి. మునెనోరిలో కన్ఫ్యూషియన్ పాలనానీతి, కానోలో ఆధునిక విద్యాదృష్టి కనిపిస్తాయి. ఈ వైవిధ్యాన్ని ఒకే పేరు కింద కుదిస్తే చరిత్ర మరుగున పడుతుంది.

9. ముగింపు

పై పరిశీలన వల్ల తేలిన అంశాలు:

1. జపాన్ యుద్ధకళల పరిణామం నిరంతరమైనదే కాని మార్పు లేనిది కాదు. 1615, 1868, 1945 తరువాత వాటి లక్ష్యం మూడుసార్లు పునర్నిర్వచితమైంది.

2. ఈ మార్పుల మధ్య విద్యను నిలిపినవి కాటా, ముఖతః బోధ, పరంపర. గురువు ఓడిపోతూ శిష్యుడిని గెలిపించే అమరిక ఈ బోధనకు కేంద్రం.

3. తాత్త్విక భావనలు ఒకే మూలం నుంచి రాలేదు. భారతీయ శూన్యతా భావనతో ఉన్న సంబంధం పదానికీ తత్త్వానికీ పరిమితమైనది.

4. ఈ విద్యలలోని విలువలు శాంతికీ, యుద్ధానికీ కూడా ఉపయోగపడ్డాయి. కనుక వాటి నైతికతను నిర్ణయించేది పేరు చివరి ‘డో’ కాదు. వాటిని ఎవరు, ఎవరికి, ఏ ప్రయోజనంతో బోధిస్తున్నారన్న విషయమే.

సంప్రదాయాన్ని కాపాడడమంటే రూపాన్ని మాత్రమే పట్టుకొని ఉండడం కాదని, దాని ప్రయోజనాన్ని ప్రతి తరం తిరిగి ప్రశ్నించుకోవడమని ఈ చరిత్ర తెలియజేస్తుంది. పాటించి, భేదించి, వీడమన్న మూడు దశల బోధ సాధకులకే కాక సంప్రదాయాలకూ వర్తిస్తుంది.